పెద్దదిక్కు పోయిన ఇల్లు

ఇంటికి ఆధారమైన మనిషి మరణించినపుడు పది దినముల వరకు ఆ ఇంటికి జనము కొదవ యుండదు. బంధువులు వత్తురు, ఇరుగుపొరుగువారు వత్తురు, కచేరీలోని తోటివారు వత్తురు. కర్మలు ముగిసి, వచ్చినవారందరు ఎవరి ఊళ్లకు వారు తరలిపోయిన పిదప ఇల్లాలు ఒంటరిగా కూర్చుండి లెక్క చూచుకొనును. నెల మొదట వచ్చుచుండిన జీతము ఇక రాదు. ఇంటి అద్దె ఆగదు. కిరాణా కొట్టు పద్దు ఆగదు. పిల్లల ఫీజు గడువు ఆగదు. దుఃఖమునకు కాలమే మందు అందురు. ఆకలికి కాలము మందు కాదు.

ఇట్టి కుటుంబములను ఆదుకొనుటకై ఏర్పడిన పద్ధతికే కారుణ్య నియామకమని పేరు. ఉద్యోగములో నుండగా మరణించినవారి భార్యకు గాని భర్తకు గాని, కుమారునకు గాని కుమార్తెకు గాని, పోటీ పరీక్ష లేకుండ ఒక చిన్న ఉద్యోగమిచ్చుట దీని సారాంశము. ఈ మాట వినని ఇల్లు మన దేశములో అరుదు. కాని దీనిని కొందరు వారసత్వపు హక్కు అనుకొనుచున్నారు. మరికొందరు ప్రభుత్వము వేయు భిక్ష అనుకొనుచున్నారు. ఈ రెండు భావములును సరియైనవి కావని, దీని ప్రాణమంతయు సకాలములో అందుటలోనే యున్నదని శ్రోతలకు విన్నవించుటయే ఈ ప్రసంగోద్దేశము.

ఒక ఊరిని కన్నుల ముందుంచుకొని మాట్లాడిన విషయము తేటపడును. భూదాన్ పోచంపల్లిని తీసికొందము. నిన్న మొన్నటి వరకు నల్లగొండ జిల్లాలోనిది. 2016 నుండి యాదాద్రి భువనగిరి జిల్లాలోనిది. పట్టుచీరలకును, ముడికట్టి రంగులద్దిన నూలు నేతకును లోకప్రసిద్ధి గాంచిన ఊరు. ఇట్టి ఊరిలో ఒకే వీథిలో మూడు విధములైన ఇండ్లుండును. ఒక ఇంట సర్కారు బడి పంతులో, ఆర్టీసీ కండక్టరో కాపురముండును. ఒక ఇంటివాడు ఏదో ప్రైవేటు కర్మాగారమునకు నౌకరీకి పోవుచుండును. మూడవ ఇంట మగ్గమాడుచుండును. మృత్యువు ఈ మూడిండ్లకును ఒకే తీరుగా వచ్చును. కాని దాని వెనుక వచ్చు సాయము మాత్రము మూడిండ్లకు మూడు తీరులుగా నుండును. ఆ భేదమును వరుసగా చూతము.

మొదట సర్కారు ఉద్యోగి ఇల్లు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 1977 అక్టోబరు 3న వెలువరించిన 687వ నంబరు ఉత్తర్వు మన ప్రాంతమున ఈ పద్ధతికి పునాది. తరువాత పలుమార్లు వచ్చిన సవరణలను, వివరణలను 2003 ఆగస్టులో ఒకచోట గ్రుదిగ్రుచ్చి ప్రకటించిరి. 2014లో తెలంగాణ రాష్ట్రము వేరుపడిన పిదపను మూలము అదియే. దానిలోని ముఖ్యాంశములు సామాన్య గృహస్థులు గూడ గుర్తుంచుకొనదగినవి. మరణించినవారి కుటుంబములో సంపాదించు మనిషి వేరొకరు ఉండరాదు. దరఖాస్తు మరణించిన నాటి నుండి ఒక సంవత్సరము లోపల పడవలెను. బిడ్డ చిన్నవాడైనచో, మరణించిన నాటి నుండి రెండేండ్ల లోపల పదునెనిమిదేండ్లు నిండువానిని మాత్రమే పరిగణింతురు. ఇచ్చు ఉద్యోగము జూనియరు అసిస్టెంటు గాని, దానికి సమానమైనది గాని, అంతకు దిగువది గాని అయి యుండును. తండ్రి తహసీల్దారైనను బిడ్డకు తహసీల్దారు పదవి రాదు. ఆ శాఖలో ఖాళీ లేనిచో జిల్లా కలెక్టరు ద్వారా ఇతర శాఖలలో చూచుటకు వీలు కలదు.

కేంద్ర ప్రభుత్వపు లెక్క వేరు. తపాలా మున్నగు కేంద్ర శాఖలలో ఈ నియామకములు నేరుగా నింపు దిగువ తరగతి ఉద్యోగములలో నూటికి 5 మించరాదని 1998లో క్రోడీకరించిన నిబంధనలు చెప్పుచున్నవి. అనగా అర్హులెందరున్నను ఆ అయిదు భాగములకే పోటీపడవలెను. ఎవరి కుటుంబము ఎక్కువ కష్టములో నున్నదో తూకము వేసి ఎంపిక చేయుదురు. ఇక ఆర్టీసీలో దీనినే బ్రెడ్ విన్నర్ పథకమని వ్యవహరించుచున్నారు. ఇంగ్లీషు పేరైనను అందులోని భావము మన ఇండ్లకు తెలిసినదే: అన్నము తెచ్చు చేయి పడిపోయినది గనుక ఆ ఇంటి నుండి మరియొక చేతికి పని ఇచ్చుట.

ఇంతవరకు చెప్పినది విన్నవారు, ‘తండ్రి ఉద్యోగము కొడుకుకు వచ్చునన్నమాట, ఇది వారసత్వము గాక మరేమి?’ అని అడుగవచ్చును. ఈ ప్రశ్నకు సమాధానము మన తెలుగు నేలమీది చరిత్రలోనే యున్నది.

ఒకప్పుడు మన గ్రామోద్యోగములు నిజముగనే వంశపారంపర్యములు. తెలంగాణములో పటేలు, పట్వారీ పదవులు వతనులు. తండ్రి తరువాత కొడుకు, కొడుకు తరువాత మనుమడు. వతనుదారు ఊరిలో నుండకపోయినను గుమాస్తాను పెట్టి పదవి ననుభవించుట గూడ కలదు. ఆంధ్ర జిల్లాలలో మునసబు, కరణముల పద్ధతియు ఇట్టిదే. దానికి 1895 నాటి మద్రాసు శాసనము అండ. స్వతంత్రము వచ్చిన పిదప మన రాజ్యాంగము 16వ అధికరణములో, ప్రభుత్వోద్యోగ విషయమున మతము, కులము, లింగము, జన్మస్థానములతోపాటు వంశమును బట్టి గూడ భేదము చూపరాదని స్పష్టముగా విధించినది. ఈ రెండింటికి నడుమ గుంటూరు జిల్లా తెనాలి తాలూకాలో ఘర్షణ వచ్చినది. పెరవలి గ్రామము నుండి పెరవలిపాలెము వేరుపడి, అచట కొత్తగా మునసబును నియమింపవలసి వచ్చినది. పాత మునసబు వంశమువారికే ఆ పదవి చెందవలెనను వాదము లేచినది. గాజుల దశరథ రామారావు కేసుగా న్యాయగ్రంథములలో ప్రసిద్ధమైన ఆ వ్యాజ్యెములో 1960 డిసెంబరు 6న సర్వోన్నత న్యాయస్థానము తీర్పు చెప్పుచు, వంశము కారణముగా పదవి నిచ్చు శాసనభాగము రాజ్యాంగమునకు విరుద్ధమని కొట్టివేసినది. అటుపై 1984లో నందమూరి తారక రామారావు ప్రభుత్వము పటేలు, పట్వారీ, మునసబు, కరణముల పద్ధతిని రాష్ట్రమంతటను రద్దు చేసినది.

ఇట్టి రాజ్యాంగము గల దేశములో మరణించినవాని బిడ్డకు పరీక్ష లేకుండ ఉద్యోగ మెట్లు ఇవ్వవచ్చును? ఈ సందేహము గూడ ఆంధ్రప్రదేశ్ నుండి వెళ్లిన వ్యాజ్యెములోనే తీరినది. ఆడిటరు జనరలు శాఖకు సంబంధించిన ఆ కేసులో 1993లో సర్వోన్నత న్యాయస్థానము ఒక గీత గీసినది. ఉద్యోగి సంతానమను ఒక్క కారణముతో ఉద్యోగమిచ్చినచో అది వంశభేదమే, చెల్లదు. ఉద్యోగములో నుండగా మరణించి, ఆ ఇంట సంపాదనాపరులు లేక, వెంటనే ఆదుకొనవలసిన అవసరము ఏర్పడినపుడు భార్యకో బిడ్డకో ఇచ్చినచో అది చెల్లును. కనుక ఈ నియామకమునకు మూలము రక్తసంబంధము కాదు, తక్షణావసరము. రక్తసంబంధము ఆ అవసరము ఎవరిదో చూపునంతే.

ఈ గీత మరచినచో ఏమగునో సింగరేణి గనులలో చూచితిమి. గనులలో దిగి ఆరోగ్యము గోల్పోయిన కార్మికుల ఇండ్లకు కొలువు ఎంత అవసరమో ఎరిగినవారికి, వారసత్వపు ఉద్యోగములను కోర్కె అక్కడ బలముగా లేచుటలో ఆశ్చర్యము లేదు. అయితే నిర్ణీత వయస్సుగల కార్మికుడు పదవి వదలుకొని కుమారునకు అప్పగించునట్లు రూపొందించిన పథకమును 2017 మార్చిలో హైదరాబాదులోని ఉన్నత న్యాయస్థానము కొట్టివేసినది. మరణించినవారి కుటుంబములకును, వైద్యులు పనికి తగరని నిర్ణయించినవారి కుటుంబములకును ఇచ్చుట వేరు. బ్రతికి, పని చేయగలిగి యున్నవాడు పదవిని ఆస్తివలె చేతులు మార్చుట వేరు.

వారసత్వము కాదన్నమాట తేలినది. మరి ఇది భిక్షయా? ‘కారుణ్యము’ అను పేరే ఇట్టి అపోహకు తావిచ్చుచున్నది. దరఖాస్తు పట్టుకొని కచేరీ మెట్లెక్కు వితంతువు చేతులు నలుపుకొనుచు నిలుచుండుటయు, బల్లకు ఆవలివైపు కూర్చున్నవారు తామేదో ధర్మము చేయుచున్నట్లు మాట్లాడుటయు మనమెరుగనివి కావు. ఈ విషయమున పోచంపల్లికి మనకు చెప్పదగిన పాఠమొకటి కలదు.

1951 ఏప్రిల్ 18న వినోబా భావే శివరాంపల్లి సర్వోదయ సమ్మేళనము ముగించుకొని కాలినడకన పోచంపల్లికి వచ్చెను. తెలంగాణములో సాయుధ పోరాటపు వేడి ఇంకను చల్లారని దినములవి. దళితవాడలోని 40 కుటుంబములవారిని మీకేమి కావలెనని అడుగగా, వారు ధాన్యము అడుగలేదు, రొక్కము అడుగలేదు. దున్నుకొనుటకు 80 ఎకరముల భూమి అడిగిరి. వెదిరె రామచంద్రారెడ్డి గారు లేచి 100 ఎకరములు ఇత్తునని ప్రకటించిరి. భూదానోద్యమము పుట్టినది అప్పుడే. ఆ తరువాత వినోబా ఊరూర చెప్పుచుండిన మాట లోకవిదితము: ఐదుగురు కుమారులున్న ఇంట నన్ను ఆరవవానిగా నెంచి నా భాగము నా కిండని ఆయన అడిగెడివారు. యాచకుడు అడుగునట్లు గాక, ఇంటి బిడ్డ అడుగునట్లు అడిగెడివారు.

ఆ 40 కుటుంబముల కోర్కెలో మనము గమనింపవలసిన సంగతి యున్నది. వారు కోరినది కూర్చుండి తినుటకు కూడు కాదు, చెమటోడ్చుటకు చోటు. కారుణ్య నియామకము స్వభావమును ఇదియే. ఉద్యోగము పొందినవాడు మరునాటి నుండి పని చేయును. జీతము ఆ పనికే ఇత్తురు. ఇందులో దానమన్నది ఏదైన నున్నచో అది వరుసలో కొంత ముందుగా పిలుచుటయే. చనిపోయిన ఉద్యోగి తన యౌవనమును, ఆరోగ్యమును ఆ కొలువునకే ధారపోసినాడు. ఆతని ఇల్లు వీథిపాలు గాకుండ చూచుట యజమానుని బాధ్యత. కనుక దరఖాస్తు పెట్టుకొను ఇల్లాలు తల వంచుకొననక్కరలేదు.

భూదానపు చరిత్రలో రెండవ పాఠము కూడ కలదు, అది చేదైనది. దానపత్రము వ్రాసినంతనే భూమి పేదవాని నాగలి క్రిందికి రాలేదు. దానమిచ్చిన భూములలో పంపకము కానివి, సాగుకు పనికిరానివి, వ్యాజ్యెములలో చిక్కుకొన్నవి ఎన్నియో కలవు. కాగితముపై నున్న దయకును కంచములో పడిన అన్నమునకును నడుమ దూరము చాల పెద్దది. కారుణ్య నియామకములకు పట్టిన చీడయు ఇదియే.

సర్వోన్నత న్యాయస్థానము 1989లో ఒక వితంతువు కేసు విన్నది. ఆమె భర్త సరిహద్దు రహదారుల శాఖలో ఉద్యోగి, 1982లో మరణించెను. ఆమె ఆ సంవత్సరమే దరఖాస్తు పెట్టుకొన్నది. ఏడేండ్లు గడచినను ఉద్యోగము రాలేదు. ఇట్టి నియామకములలో ఎట్టి జాప్యమును పనికిరాదని, కుటుంబము కష్టములో నున్నపుడు వెంటనే ఇవ్వవలెనని, తగిన ఖాళీ లేనిచో అదనపు స్థానము నేర్పరచియైనను ఇవ్వవలెనని న్యాయస్థానము పలికినది. ఐదేండ్ల పిమ్మట, 1994లో, హర్యానా నుండి వచ్చిన ఉమేశ్ కుమార్ నాగపాల్ కేసులో అదే న్యాయస్థానము నాణెమునకు రెండవ వైపు చూపినది. ఆకస్మికముగా వచ్చిన ఆపదను దాటించుటయే ఈ నియామకపు ప్రయోజనము. ఆపద గడచిన పిదప, ఏండ్లు గడచిన పిదప, ఎప్పుడైనను అడిగి పుచ్చుకొనుటకు ఇది దాచిపెట్టుకొను హక్కు కాదు. దిగువ తరగతుల ఉద్యోగములు తప్ప ఉన్నతోద్యోగములు ఈ దారిన రావు.

ఈ రెండు తీర్పులను కలిపి చదివిన ఒక్క మాట తేలుచున్నది: ఆలస్యమైనచో రెండు వైపులను నష్టమే. కచేరీ ఆలస్యము చేసినచో కుటుంబము నలిగిపోవును. కుటుంబము ఆలస్యము చేసినచో, ఇన్నాళ్లు గడుపుకొన్నారు గదా, ఆపద యెక్కడ నున్నదని కచేరీ అడుగును. ఆ ప్రశ్నలోని అన్యాయము మనకు తెలియుచునే యున్నది. అప్పులు చేసి, తాళిబొట్టు బంగారము అమ్మి, పిల్లవాని చదువు మాన్పించి బ్రతికిన ఇంటిని చూచి ‘బ్రతికినారు గదా’ అనుట న్యాయము కాదు. అయినను శాసనము పోకడ అట్లున్నపుడు గృహస్థులు జాగ్రత్తపడుట అవసరము.

అందుకై కొన్ని సంగతులు శ్రోతలకు మనవి చేయుచున్నాము. మరణ ధ్రువపత్రము వెంటనే తీసికొనవలెను. తహసీల్దారు ఇచ్చు కుటుంబ సభ్యుల ధ్రువపత్రమునకు ఆలసింపక దరఖాస్తు పెట్టవలెను. ఇంటిలో ఉద్యోగము ఎవరు తీసికొనవలెనో మొదటనే కూర్చుండి తేల్చుకొని, తక్కిన వారసుల సమ్మతిని వ్రాతమూలకముగా పొందవలెను. అన్నదమ్ముల తగవుతో ఏడాది గడువు దాటిపోయిన ఇండ్లు గలవు. దరఖాస్తు ఇచ్చినపుడు తేదీ వేసిన రసీదు పుచ్చుకొని భద్రపరచుకొనవలెను. నోటిమాటగా ‘చూతములెండి’ అన్నది దరఖాస్తు క్రింద లెక్కకు రాదు. ఇక ఉద్యోగములో నున్నవారు తమ సర్వీసు రిజిస్టరులో భార్యాబిడ్డల పేర్లు, పుట్టిన తేదీలు సరిగా నున్నవో లేవో ఇప్పుడే సరిచూచుకొనవలెను. చావు మాట ఎత్తుట అశుభమని మనవారు తలతురు. బ్రతికి యుండగా ఒక్క గడియ వెచ్చించి సరిచేసికొనదగిన తప్పును, చనిపోయిన పిదప భార్య రెండేండ్లు తిరిగియు సరిచేయింపలేకపోవుట అంతకన్న అశుభము.

మరొక సంగతి. మన ఇండ్లలో, ‘అబ్బాయి పెద్దవాడు కానిండు, అప్పుడు వానికి ఇప్పింతము’ అని వేచియుండు అలవాటు కలదు. పదేండ్ల బిడ్డకై ఎనిమిదేండ్లు వేచియున్నచో ఆ ఉద్యోగము రాదు. గడువు ముందే దాటిపోవును. తల్లి చదువుకొన్నదైనచో ఆమెయే ఉద్యోగములో చేరుట మేలు. ‘ఆడది కచేరీకి పోవునా’ అను మాటను మన పల్లెలు దాటివచ్చి చాలకాలమైనది. తల్లి జీతముతో బిడ్డ చదువు పూర్తియగును. ఆపైన తన ఉద్యోగమును తానే సంపాదించుకొనును. కుమార్తెల విషయమునను చూపు మారుచున్నది. పెండ్లి యైనదను ఒక్క కారణముతో కుమార్తెను తోసిపుచ్చుట సమానత్వమునకు విరుద్ధమని కర్ణాటక ఉన్నత న్యాయస్థానము 2020 డిసెంబరులో తీర్పిచ్చినది. అయితే ఉద్యోగము ఎవరు పుచ్చుకొన్నను, అది ఇంటి కొరకు వచ్చినది గాని ఒంటి కొరకు వచ్చినది కాదు. తల్లిని, చిన్న తోబుట్టువులను పోషింతునని హామీ వ్రాసి ఇచ్చుట కేంద్ర నిబంధనలలో విధిగా నున్నది. నియామకము పొందిన కుమారుడు ఆ హామీని మరచినచో ఉద్యోగము నిచ్చిన కారణమే లేకుండపోవును.

ఇక రెండవ ఇల్లు. ప్రైవేటు సంస్థలో పనిచేయు మనిషి మరణించినచో ఉద్యోగ మిచ్చి తీరవలెనను సాధారణ నిబంధన లేదు. కొన్ని సంస్థలు ఒప్పందములను బట్టి ఇచ్చుచున్నవి. అయితే ప్రావిడెంటు ఫండు గలవారి కుటుంబములకు మూడు రాబడులు గలవు. కూడబెట్టిన నిధి ఒకటి. 1995 నాటి పథకము క్రింద భార్యాబిడ్డలకు పింఛను రెండవది. 1976 నుండి అమలులో నున్న బీమా మూడవది. ఈ బీమా గరిష్ఠ పరిమితిని 2021లో 7 లక్షల రూపాయలకు పెంచిరి. బీమా కొరకు ఉద్యోగి చేతి నుండి పైసయు చెల్లింపనక్కరలేదు గనుక అది యున్నట్లే చాల కుటుంబములకు తెలియదు. తెలియని హక్కు లేని హక్కుతో సమానము.

మూడవ ఇంటికి వచ్చుసరికి మాట తడబడును. మగ్గము నేయు పద్మశాలి మరణించినచో ఎవరు ఎవరికి ఉద్యోగ మియ్యవలెను? ఆతనికి నియామకపత్రము లేదు, సర్వీసు రిజిస్టరు లేదు, పై అధికారి లేడు. నూలు ఇచ్చి చీర తీసికొను షావుకారు కలడు గాని ఆతడు శాసనము దృష్టిలో యజమానుడు కాడు. తండ్రి తరువాత బిడ్డకు వచ్చునది గుంట మగ్గము, దానితోపాటు బయానా బాకీ. వంశపారంపర్యమను మాట మన కాలమున నిజముగా వర్తించునది ఇచటనే. అదియు పదవికి గాదు, అప్పుకు.

ఇంకొక విశేషము. నేతవాని ఇంట పని ఒక్కనిది కాదు. మగ్గముపై కూర్చుండువాడు మగవాడైనచో, ఆతని వెనుక ఇంటిల్లిపాది పనిచేయవలెను. పడుగు, పేకలకు గుర్తులు పెట్టి, రబ్బరు పట్టీలతో ముడులు కట్టి, రంగులో ముంచి, విప్పి, మరల కట్టి, మరల ముంచవలెను. కండెలు చుట్టవలెను. వీటన్నింటిని మించినది ఆసు పోయుట. అర్ధవలయముగా నాటిన మేకుల చుట్టు దారమును చేతితో పోయుచు, ఒక్క చీరకు సుమారు 9,000 సార్లు చేయి ఆడింపవలెను. ఈ పని తరతరములుగా స్త్రీలది. ఆలేరు సమీపమున శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం గారు తన తల్లి భుజముల నొప్పి చూడలేక ఈ పనికి యంత్రము కనిపెట్టి, దానికి ఆమె పేరిట లక్ష్మీ ఆసు యంత్రమని నామకరణము చేసిరి. 2017లో వారికి పద్మశ్రీ వచ్చినది. ఒక తల్లి శ్రమను ఒక కుమారుడు గుర్తించినాడు. కాని మన లెక్కల పుస్తకములు ఇంకను పూర్తిగా గుర్తింపలేదు. భర్త బ్రతికి యున్నంతకాలము భార్య ‘సాయము చేయునది’. ఆతడు పోయిన మరునాడు ఆమె పేర సంఘములో సభ్యత్వము లేదు, నూలు అప్పు పుట్టదు, చేతిలో మాత్రము ముప్పది ఏండ్ల విద్య యున్నది.

ఈ ఇండ్లకు ప్రభుత్వములు చేసిన ఏర్పాట్లు ప్రధానముగా బీమా రూపమున వచ్చినవి. 2003 డిసెంబరులో మొదలై 2005లో మహాత్మా గాంధీ బునకర్ బీమా యోజనగా మారిన కేంద్ర పథకములో సంవత్సరపు రుసుము 330 రూపాయలు. అందులో నేతవాని వాటా 80. సహజ మరణమునకు 60 వేలు, ప్రమాద మరణమునకు లక్షా 50 వేలు, తొమ్మిది నుండి పండ్రెండవ తరగతి వరకు చదువు ఇద్దరు బిడ్డలకు మూడు నెలలకు 300 చొప్పున విద్యార్థి వేతనము ఉండెడివి. తెలంగాణ ప్రభుత్వము 2017లో పొదుపు పథకము పెట్టి, నేతవాడు తన కూలిలో నూటికి 8 దాచినచో దానికి రెండింతలు, అనగా 16, తాను చేర్చునట్లు నిర్ణయించినది. 2022 ఆగస్టు 7న, జాతీయ చేనేత దినోత్సవమున, నేతన్న బీమాను ప్రారంభించి 60 ఏండ్ల లోపువారు మరణించినచో కుటుంబమునకు 5 లక్షల రూపాయలు అందునట్లు ఏర్పరచినది. వృత్తి యేదైనను బ్యాంకు ఖాతా గలవారందరికి 2015 నుండి ఉన్న ప్రధానమంత్రి జీవనజ్యోతి బీమా వేరుగా కలదు; 50 ఏండ్ల లోపు చేరవలెను, 2022 జూను నుండి సంవత్సరమునకు 436 రూపాయలు కట్టవలెను, మరణించినచో 2 లక్షలు వచ్చును.

ఇవి మంచివే. అయినను రొక్కము వచ్చిన దినముననే బాకీదారులు గుమ్మములో నిలుతురు. ఐదు లక్షలలో అప్పులు పోగా మిగిలినదెంత యన్నది ఆ ఇల్లాలికే తెలియును. అందువలన నేతవాని ఇంటికి సరితూగు కారుణ్య నియామకము ఏదన్న ప్రశ్న మిగిలియే యున్నది. మా దృష్టిలో దానికి సమాధానము కష్టమైనది కాదు. ఆసు పోయుట, కండెలు చుట్టుట, ముడులు కట్టుట, నేయుట, ఏ పని చేయు స్త్రీనైనను భర్త బ్రతికి యుండగనే తన పేరనే సహకార సంఘ సభ్యురాలిగా చేర్చవలెను. భర్త మరణించిన నెలలోనే ఆమెకు నూలు అందవలెను. ఆ నూలునకు పాత బాకీ ముడిపెట్టరాదు. మగ్గముపై కూర్చుండలేనివారికి రంగుల పనిలోనో, అమ్మకపు పనిలోనో చోటు చూపవలెను. సర్కారు ఇంట ఉద్యోగము ఏమి చేయునో నేతవారి ఇంట ఇది అదే చేయును: ఆ ఇంటి నుండి మరియొక చేతికి పని ఇచ్చును.

ఈ ప్రసంగము ముగించుటకు ముందు ఒక ఆక్షేపణకు సమాధానము చెప్పవలసి యున్నది. పోటీ పరీక్షలకు ఏండ్ల తరబడి చదువుచున్న యువకులు, ‘మాకు దొరకని కొలువు వారికి పరీక్ష లేకుండ దొరకుట న్యాయమా?’ అని అడుగుదురు. ఆ యువకుడు అదే వీథిలోని నేతవాని కుమారుడే కావచ్చును. తండ్రి మగ్గము పడిపోయినపుడు ఏ కచేరీయు వానిని పిలిచి యుండకపోవచ్చును. ఇది ఈర్ష్యతో అడిగిన ప్రశ్న యని కొట్టివేయరాదు. కారుణ్యముతో నిచ్చిన ప్రతి ఉద్యోగమును పోటీ నుండి తీసినదే. అందుచేతనే న్యాయస్థానములు దీని చుట్టు ఇన్ని కంచెలు వేసినవి. నిజముగా ఆధారము లేని ఇంటికే, దిగువ ఉద్యోగమే, సకాలముననే ఇచ్చినంతకాలము దీనిని ఎవ్వరును వేలెత్తి చూపరు. ఉన్నవారింటికి పోయినపుడు, పలుకుబడితో పోయినపుడు, పదేండ్లకు పోయినపుడు ఆ యువకుని ప్రశ్నకు మనయొద్ద జవాబుండదు. ఆ ప్రశ్న తీవ్రత తగ్గవలెనన్నచో కారుణ్యమును కుదించుట దారి కాదు. నేతవానికి, కౌలుదారునకు, కూలివానికి గూడ అట్టి ఆసరా కల్పించుటయే దారి.

పెద్దదిక్కు పోయిన ఇంటికి లోకము తిరిగి ఆ మనిషిని తెచ్చి ఇవ్వలేదు. ఇవ్వగలిగినది పని, అదియు పొయ్యి ఆరకముందు. దరఖాస్తుపై సంతకము చేయవలసిన అధికారి ఈ నెలలో చేసిన సంతకమునకును, మూడేండ్ల పిదప చేసిన సంతకమునకును సిరా ఒక్కటే. కాని మొదటి దానితో ఒక బిడ్డ బడిలో నిలుచును. రెండవది వచ్చునాటికి ఆ బిడ్డ బడి మాని ఏ హోటలులోనో పళ్లెములు కడుగుచుండును.